నాన్న వద్దనలేదు

రాత్రి రెండున్నర. మా పీజీ హాస్టల్ అంతా నిద్రపోతోంది. నేను మాత్రం లాప్‌టాప్ ముందు కూర్చుని ఉన్నాను. ఒక డిప్లాయ్‌మెంట్ సగంలో ఇరుక్కుపోయింది. అవతలి టీమ్ వాళ్లు లాగ్స్ చూసి ఏదో ఒకటి చెప్పేదాకా కాల్‌లోనే ఉండాలి. మాట్లాడటానికేమీ లేదు, పడుకోవడానికీ లేదు. ఆన్‌కాల్ డ్యూటీ చేసినవాళ్లకి ఈ బాధేంటో తెలుసు. అలాంటప్పుడు ఎవరైనా ఏం చేస్తారు? ఫోన్ తీస్తారు. నేనూ తీశాను.

ఆ రాత్రి నా ఫోన్‌కి ఏమైందో గానీ, 1937 నాటి ఒక బ్రిటిష్ సినిమాని తెచ్చి ముందు పెట్టింది. పేరు 'యంగ్ అండ్ ఇన్నోసెంట్'. బ్లాక్ అండ్ వైట్. దర్శకుడు ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్. హిచ్‌కాక్ అంటే నాకు 'సైకో' తెలుసు, 'ది బర్డ్స్' తెలుసు. ఇది ఎప్పుడూ వినలేదు. గంటా ఇరవై నిమిషాలే కదా అని నొక్కాను.

కథ చాలా సింపుల్. ఒక సినిమా నటి హత్యకు గురవుతుంది. సముద్రం ఒడ్డున శవాన్ని మొదట చూసిన కుర్రాడు సాయం కోసం పరిగెడతాడు. పారిపోతున్నాడనుకుని అతని మీదే కేసు పెడతారు. అతను కోర్టు నుంచి తప్పించుకుంటాడు. అప్పుడు అతనికి సాయం చేసేది ఎవరో కాదు, ఆ ప్రాంతపు పోలీసు పెద్దాఫీసరు కూతురు. పేరు ఎరికా.

ఇలాంటి కథలు మన సినిమాల్లో బోలెడు చూశాం. కానీ ఆ అమ్మాయి మాత్రం నన్ను ఆపేసింది. మొదటిసారి ఆమెని చూసేది పోలీస్ స్టేషన్‌లో. ఆ కుర్రాడు స్పృహ తప్పి పడిపోతే, చుట్టూ ఉన్న మగవాళ్లు ఏం చెయ్యాలో తెలియక నిలబడితే, ఈమె చకచకా వచ్చి ప్రథమ చికిత్స మొదలుపెడుతుంది. "తప్పుకోండి, నాకు తెలుసు" అన్నట్టు ఉంటుంది ఆ నడక. ఆమెకో డొక్కు కారు. అది ఆమె మాట వింటే వింటుంది, లేకపోతే లేదు.

ఇంకో సీన్ ఉంది. ఇంట్లో భోజనాల బల్ల దగ్గర తండ్రి, తమ్ముళ్లు అందరూ కూర్చుంటారు. పారిపోయినవాడి గురించి కబుర్లు. చేతిలో డబ్బుల్లేకుండా ఎంత దూరం పోతాడు, తిండి లేక ఎక్కడ పడిపోతాడు అని పిల్లలు హుషారుగా లెక్కలు వేస్తుంటారు. అంతకుముందే దారిలో ఆమె కారుకి పెట్రోలు అయిపోతే డబ్బులిచ్చింది ఆ కుర్రాడే. ఆ సంగతి ఆ బల్ల దగ్గర ఆమె ఒక్కదానికే తెలుసు. పెద్దగా ఏమీ మాట్లాడదు. ముఖంలో మాత్రం అంతా జరిగిపోతుంది.

నేను వీడియో ఆపి, వెనక్కి జరిపి, ఆ సీన్ మళ్లీ చూశాను. తర్వాత మూడోసారి చూశాను. మూతి ఒక్క పిసరు కూడా ఎక్కువ కదలదు. అలా చేయడం ఎంత కష్టమో నాకు కొంచెం తెలుసు. ఎలా తెలుసో తర్వాత చెప్తాను.

ఎవరీ అమ్మాయి?

పేరు నోవా పిల్‌బీమ్. 1919 నవంబర్ 15న లండన్ పక్కనే వింబుల్డన్‌లో పుట్టింది. తండ్రి నాటకాల మనిషి. ఆ సినిమా తీసేటప్పటికి ఆమెకి పదిహేడేళ్లు. నేను ఆ వయసులో ఎంసెట్ కోచింగ్ సెంటర్‌లో హెచ్.టు.ఎస్.ఓ.ఫోర్ బట్టీ పడుతున్నాను.

అసలు ఆమె సినిమాల్లోకి వచ్చింది అంతకు మూడేళ్ల ముందు. 1934లో 'లిటిల్ ఫ్రెండ్' అనే సినిమా. అమ్మానాన్నల కాపురం కూలిపోతుంటే మధ్యలో నలిగిపోయే చిన్నపిల్ల పాత్ర. దర్శకుడు బెర్తోల్డ్ ఫియర్టెల్, స్క్రిప్టు రాసినవాళ్లలో క్రిస్టఫర్ ఇషర్‌వుడ్ ఒకడు. ఆ షూటింగ్ అనుభవాలతో ఇషర్‌వుడ్ తర్వాత ఒక నవలే రాశాడు. ఆ ఒక్క సినిమాతో నోవా స్టార్ అయిపోయింది. వెంటనే అదే ఏడాది హిచ్‌కాక్ 'ది మ్యాన్ హూ న్యూ టూ మచ్' తీశాడు. అందులో విలన్లు ఎత్తుకుపోయే పిల్ల ఈమే. అప్పటికి పద్నాలుగేళ్లు. ఎత్తుకుపోయే ముఠా నాయకుడు పీటర్ లోరీ. అతనికి అప్పుడు ఇంగ్లీషు సరిగ్గా రాదు, డైలాగులు చాలావరకు శబ్దం పట్టుకుని అప్పజెప్పాడట.

1935 చివర్లో లండన్ రంగస్థలం మీద పీటర్ పాన్ వేసింది. ఎప్పటికీ పెద్దవాడు కాని పిల్లాడి పాత్ర. 1936లో 'ట్యూడర్ రోజ్'. ఇంగ్లండ్‌కి తొమ్మిదంటే తొమ్మిది రోజులు రాణిగా ఉన్న లేడీ జేన్ గ్రే కథ. 1553లో పెద్దవాళ్లంతా కలిసి ఒక టీనేజ్ అమ్మాయిని సింహాసనం మీద కూర్చోబెట్టారు. తొమ్మిది రోజుల్లో దించేశారు. మరుసటి ఏడాది తల నరికేశారు. ఆ పాత్ర వేసేటప్పటికి నోవాకి పదహారు.

తర్వాత 'యంగ్ అండ్ ఇన్నోసెంట్'. సినిమా పిచ్చివాళ్లు దీన్ని గుర్తుపెట్టుకునేది ఒకే ఒక్క షాట్ కోసం. హోటల్లో పెద్ద హాలు, జనం డాన్స్ చేస్తుంటారు. కెమెరా పైకప్పు దగ్గర మొదలై, జనం మీదుగా మెల్లగా దిగుతూ దిగుతూ, అందరినీ దాటుకుని, బ్యాండ్‌లో డ్రమ్స్ వాయించేవాడి కళ్ల దగ్గరికి వెళ్లి ఆగుతుంది. ఆ కళ్లు అదురుతాయి. హంతకుడు వాడే. డ్రోన్లు లేని రోజుల్లో క్రేన్ మీద తీసిన షాట్ అది. ఆ బ్యాండ్ వాళ్లందరూ ముఖాలకి నల్లరంగు పూసుకుని నీగ్రోల వేషంలో ఉంటారు, అది మాత్రం ఇవాళ చూస్తుంటే ఇబ్బందిగానే ఉంటుంది.

నాకు నచ్చింది వేరే సీన్. పాత గని ఒకటి కుంగిపోయి కారు లోపలికి జారిపోతుంటే, ఎరికా ఒక్క చేత్తో వేలాడుతుంది. పైనుంచి కుర్రాడు పట్టుకుని లాగుతుంటాడు. పెద్దయ్యాక ఆమె ఆ సీన్ గుర్తు చేసుకుంది. హిచ్‌కాక్ సరదా కోసం దాన్ని సాగదీస్తూనే ఉన్నాడనీ, చెయ్యి ఊడొచ్చేస్తుందేమో అనిపించిందనీ చెప్పింది. అదే సినిమాలో ఒక కుక్క ఉంది. దాని పని అయిపోయి పంపించేయాల్సి వచ్చినప్పుడు యూనిట్ అంతా డీలా పడిపోతే, హిచ్‌కాక్ దానికోసం ఇంకో సీన్ రాయించి కొన్నాళ్లు ఉంచాడట. ఇది చదివి ఆ అర్ధరాత్రి ఒక్కదాన్నే నవ్వుకున్నాను. "ఎనీ అప్‌డేట్?" అని కాల్‌లో మేనేజర్ గొంతు. "చెకింగ్" అన్నాను.

"పాపం, ఏమైపోయిందో"

ఇంతవరకూ బానే ఉంది. తర్వాత ఏమైందని చూస్తే, తర్వాత పెద్దగా ఏమీ లేదు. 1934 నుంచి 1948 వరకు పద్నాలుగేళ్లు, పద్నాలుగు సినిమాలు. ఇరవై ఎనిమిదేళ్లకే సినిమాలకి సెలవు. నా వయసు ఇప్పుడు సరిగ్గా ఇరవై ఎనిమిది.

కారణాలు వెతికితే దొరుకుతాయి. సినిమా హాళ్లు ఇన్ని స్వదేశీ సినిమాలు వేసి తీరాలని 1927లో బ్రిటన్‌లో చట్టం చేశారు. దాంతో స్టూడియోలు పుట్టగొడుగుల్లా లేచాయి, అప్పులు తెచ్చి మరీ తీశారు. 1937కి ఆ బుడగ పేలింది. నోవాని స్టార్ చేసిన గామంట్ బ్రిటిష్ సంస్థ లండన్ షెపర్డ్స్ బుష్‌లోని తన స్టూడియోలో సినిమాలు తీయడం ఆపేసింది. 'యంగ్ అండ్ ఇన్నోసెంట్' అక్కడ మొదలై పైన్‌వుడ్‌లో పూర్తయింది. మన భాషలో చెప్పాలంటే ఫండింగ్ ఆగిపోయింది, కంపెనీ షట్టర్ వేసింది, స్టార్ పెర్ఫార్మర్ బెంచ్ మీదకొచ్చింది. పద్దెనిమిదేళ్ల అమ్మాయికి తర్వాతి సినిమా వచ్చేది 1939లో.

ఆ ఏడాదే పెళ్లి. పెళ్లికొడుకు పెన్ టెన్నిసన్. కవి టెన్నిసన్ మునిమనవడు. హిచ్‌కాక్ దగ్గర అసిస్టెంట్‌గా పనిచేసి, తర్వాత తనే దర్శకుడై మూడు సినిమాలు తీశాడు. యుద్ధం వచ్చింది. నౌకాదళంలో చేరి అక్కడ శిక్షణ చిత్రాలు తీసే పనిలో ఉండగా 1941 జులైలో విమాన ప్రమాదంలో చనిపోయాడు. అతనికి 28. ఆమెకి 21. కాపురం రెండేళ్లు కూడా నిండలేదు.

అయినా ఆమె పని మానలేదు. అంతకుముందే 1940లో 'పాస్టర్ హాల్' చేసింది. నాజీలకి ఎదురు తిరిగిన జర్మన్ పాస్టర్ కథ అది. 1942లో 'ది నెక్స్ట్ ఆఫ్ కిన్'లో గూఢచారి చేతిలో చిక్కుకున్న శరణార్థి అమ్మాయిగా నటించింది. నోరు జారితే ప్రాణాలు పోతాయని సైనికులకి నేర్పడానికి మొదలుపెట్టిన సినిమా. నాటకాలూ వేసింది. 1948లో 'ది త్రీ వియర్డ్ సిస్టర్స్', దానికి రాసినవాళ్లలో కవి డిలన్ థామస్ ఉన్నాడు. ఆ ఏడాదితో తెర మీద ఆమె కథ అయిపోయింది.

ఇదంతా చదివి నేను చేసిన మొదటి పని నిట్టూర్చడం. "పాపం" అనుకోవడం. ఎందుకంటే నాకు ఈ కథ ముందే తెలుసు. మాది తెనాలి. మా వైపు ఆడపిల్ల అద్దం ముందు రెండు నిమిషాలు ఎక్కువ నిలబడితే చాలు, మా నాయనమ్మకి కాంచనమాల గుర్తొచ్చేది. 'మాలపిల్ల'తో, 'బాలనాగమ్మ'తో ఆంధ్రదేశాన్ని ఊపేసిన అందగత్తె. సరిగ్గా నోవా వెలిగిన రోజులే అవి. తర్వాత ఒప్పందం గొడవలు, అనారోగ్యం, అజ్ఞాతం. "చూశావా, అంతటి మనిషికే ఏమైందో" అని నాయనమ్మ వాక్యం ముగించేది. సినిమాలు మానేసిన ఆడదాని కథ అంటే ఏడుపుతోనే అయిపోవాలని అప్పట్లోనే నా బుర్రలో ముద్ర పడిపోయింది.

సాఫ్ట్‌వేర్‌లో 'ఎండ్ ఆఫ్ లైఫ్' అని ఒక మాట ఉంది. ఒక వెర్షన్‌కి కంపెనీ ఇక అప్‌డేట్లు ఇవ్వదని దానర్థం. మనుషులకి కూడా అదే మాట వాడేస్తాం. తెర మీద కనపడకపోతే ఇక లేనట్టే.

ఆ ఒక్క వాక్యం

అప్పుడు 'రెబెకా' సంగతి చదివాను. 1940లో వచ్చిన ఈ సినిమాతోనే హిచ్‌కాక్ అమెరికాలో అడుగుపెట్టాడు. దానికి ఉత్తమ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. హీరోయిన్ జోన్ ఫాంటైన్ ఒక్క దెబ్బతో పెద్ద తార అయింది. ఆ పాత్రకి అనుకున్నవాళ్లలో నోవా కూడా ఉంది. నిర్మాత సెల్జ్‌నిక్ ఈమె మీద ఆసక్తి చూపించాడు. హిచ్‌కాక్‌కి అంత నమ్మకం కుదరలేదు. అన్నేళ్లకి కట్టిపడేసే కాంట్రాక్టు అంటే ఆమె ఏజెంట్ భయపడ్డాడు. చివరికి కుదరలేదు.

ఈ ముక్క చదవగానే ఎందుకో ఒళ్లు మండింది. నిర్మాత అనుకున్నాడు. దర్శకుడు వద్దనుకున్నాడు. ఏజెంట్ భయపడ్డాడు. వాక్యం నిండా మనుషులే, అందరూ ఏదో ఒకటి అనుకుంటున్నవాళ్లే. ఎవరి గురించి అనుకుంటున్నారో ఆ అమ్మాయి మాత్రం వాక్యంలో ఎక్కడా లేదు. పందొమ్మిదేళ్ల మనిషి, అప్పటికే ఐదేళ్ల అనుభవం. "నాకు కావాలి" అనో "నాకొద్దు" అనో ఒక్క క్రియ కూడా ఆమెకి ఎవరూ ఇవ్వలేదు.

ఎంత అన్యాయం అనుకుంటూ నీళ్లు తాగడానికి లేచాను. బాటిల్ మూత తిప్పుతుండగా ఇంకో వాక్యం గుర్తొచ్చింది. ఆరేళ్లుగా నేను అందరికీ చెప్తున్న వాక్యం.

"ఆఫర్ వచ్చింది గానీ, నాన్న వద్దన్నారు."

నా మూడు సినిమాలు

ఇప్పుడు నా సంగతి చెప్తాను. ఇంజనీరింగ్‌లో ఉండగా నేను మూడు షార్ట్ ఫిల్మ్‌లలో నటించాను. మొదటిది మా సీనియర్లది, దానిలో నా పేరు కూడా తప్పు వేశారు. రెండోది ఫర్వాలేదు. మూడోది మాత్రం బాగా ఆడింది. పదకొండు నిమిషాల సినిమా. చెల్లెలి పెళ్లికి లోన్ తీసుకున్న ఒక బ్యాంకు క్లర్క్ కథ, నేను క్లర్క్‌ని. ఒక సీన్‌లో భోంచేస్తూ ఒక ఫోన్ కాల్ వినాలి, ముఖంలో ఏమీ తెలియనివ్వకూడదు. పద్దెనిమిది టేకులు తిన్నాను. అన్నం చల్లారిపోయి గడ్డకట్టింది. అందుకే ఎరికా భోజనాల సీన్ చూసి అలా ఆగిపోయాను.

ఆ షార్ట్ ఫిల్మ్ చూసి హైదరాబాద్ నుంచి ఒక నిర్మాణ సంస్థ వాళ్లు ఫోన్ చేశారు. ఒక సినిమాలో రెండో హీరోయిన్ లాంటి పాత్ర. మూడేళ్ల అగ్రిమెంట్. వాళ్లకి చెప్పకుండా బయట చేయకూడదు. అదే నెలలో క్యాంపస్ ప్లేస్‌మెంట్ ఆఫర్ లెటర్ కూడా వచ్చింది. నేను లెటర్ వైపు వెళ్లాను. అప్పటినుంచి పెళ్లిళ్లలో, పేరంటాల్లో, ఆఫీసు టీమ్ లంచ్‌ల్లో ఎవరో ఒకరు "నువ్వు యాక్ట్ చేసేదానివి కదా, ఎందుకు మానేశావ్?" అంటే, నేను చెప్పే వాక్యం అది. వినగానే అందరూ "అయ్యో" అంటారు. ఇంకో ప్రశ్న రాదు. మా పిన్ని అయితే ఒకడుగు ముందుకేసి, "మీ నాన్న ఒప్పుకుని ఉంటే ఈపాటికి నీ పోస్టర్లు ఉండేవే" అంటుంది. నేను చిన్నగా నవ్వి ఊరుకుంటాను. ఆ నవ్వు నాకు బాగా వచ్చు.

కానీ నాన్న వద్దనలేదు.

అసలు జరిగింది ఇది. తెనాలిలో మాకు జెరాక్స్ షాపు ఉంది. ఆ అగ్రిమెంట్ పీడీఎఫ్ నేను నాన్నకి వాట్సాప్‌లో పెట్టాను. నేను ఇంటికి వెళ్లేసరికి ఆయన దాన్ని రెండు కాపీలు తీసి, మూలకి స్టేపుల్ కొట్టి, ఒక ప్లాస్టిక్ కవర్‌లో పెట్టి ఉంచారు. ఎక్కడెక్కడ సంతకం పెట్టాలో పెన్సిల్‌తో చిన్న చుక్కలు పెట్టారు. "చదివానమ్మా. మన లాయర్ గారికి కూడా చూపించాను. మరీ ఇబ్బంది ఏమీ లేదన్నారు. నీ ఇష్టం" అన్నారు. అంతే.

ఆ కవర్ నా దగ్గర పదిహేను రోజులు ఉంది. సంతకం పెట్టలేదు. ఎందుకు పెట్టలేదో నాకు తెలుసు. ఒకటి, భయం. ఆ షార్ట్ ఫిల్మ్ కింద రెండు వందల మంచి కామెంట్లు ఉన్నాయి. 'ఆంటీలా ఉంది' అని ఒకటి ఉంది. నాకు నోటికి వచ్చిన కామెంట్ అదొక్కటే. అలాంటివి రోజుకి వెయ్యి చదవగలనా అంటే, చదవలేను. రెండోది ఇంకా నిజమైనది. నాకు నటించడం ఇష్టం, నటిగా బతకడం ఇష్టం లేదు. పద్దెనిమిది టేకులు ఇష్టం. టేకుకీ టేకుకీ మధ్య ఎవరో ఒకరు నా జుట్టు, నా రంగు, నా నడుము గురించి నా ముందే మాట్లాడుకోవడం ఇష్టం లేదు. నెల మొదటి తారీఖున జీతం పడటం నాకు చాలా ఇష్టం. ఇది చెప్పుకోవడానికి ఎంత చప్పగా ఉందో చూడండి! అందుకే చెప్పలేదు. 'కలని చంపేసిన తండ్రి' అయితే కథ బాగుంటుంది. కథ బాగుండటం కోసం ఆయన్ని విలన్‌ని చేశాను, నన్ను వాక్యంలోంచి తీసేశాను.

నోవాకి ఎవరో చేశారని నాకు కోపం వచ్చిన పని, నాకు నేనే చేసుకున్నాను.

నోవా అంటే

తెల్లవారుజామున నాలుగింటికి డిప్లాయ్‌మెంట్ అయిపోయింది. నిద్ర రాలేదు. నోవా అనే పేరుకి అర్థం వెతికాను. ఆ మాటకి లాటిన్‌లో 'కొత్తది' అని అర్థం. ఖగోళశాస్త్రంలో అదే పేరుతో నక్షత్రాలు ఉన్నాయి. ఆకాశంలో మామూలు కంటికి కనపడని చోట ఉన్నట్టుండి ఒక చుక్క వెలుగుతుంది. పాతకాలం వాళ్లు కొత్త నక్షత్రం పుట్టిందనుకుని ఆ పేరు పెట్టారు. నిజానికి అది పాతదే. చిన్నగా, దట్టంగా మారిన ఒక ముసలి నక్షత్రం పక్క నక్షత్రం నుంచి వాయువుని లాక్కుంటూ ఉంటుంది. అది పేరుకుని పేరుకుని ఒకరోజు భగ్గుమంటుంది. కొన్ని రోజులో వారాలో వెలిగి, మెల్లగా తగ్గిపోతుంది.

నేను ఇన్నాళ్లూ నోవా అంటే నక్షత్రం పేలి చచ్చిపోవడం అనుకున్నాను. అది సూపర్‌నోవా. నోవాలో నక్షత్రం చావదు. వెలుగు తగ్గాక కూడా అది అక్కడే ఉంటుంది, తన పని తను చేసుకుంటూ. మనకి కనపడదు, అంతే.

నోవా పిల్‌బీమ్ 1950లో మళ్లీ పెళ్లి చేసుకుంది. ఆయన బీబీసీ రేడియోలో జర్నలిస్టు. ఒక కూతురు పుట్టింది. 1972లో ఆయనా పోయారు. ఆమె ఉత్తర లండన్‌లో, పెద్దగా ఎవరి కంటా పడకుండా, 2015 జులై 17 దాకా బతికింది. తొంభై ఐదేళ్లు. తెర మీద పద్నాలుగేళ్లు, తెర దిగాక అరవై ఏడేళ్లు. ఇంత పెద్ద లెక్కలో మనం ఆ చిన్న అంకె దగ్గర ఆగిపోయి, మిగతాదంతా 'ఏమైపోయిందో' అనే ఒక్క మాటలో పడేస్తాం. ఏమీ అయిపోలేదు. కూతుర్ని పెంచుకుంది. ముసలిదైంది. ఎవరైనా వచ్చి అడిగితే, చెయ్యి ఊడొస్తుందనుకున్న రోజు గురించీ, యూనిట్ అంతా ముద్దు చేసిన కుక్క గురించీ చెప్పింది.

అలాగని ఆమె కథని నా కథకి సర్టిఫికెట్‌గా వాడుకోను. ఆమె ఇరవై ఒక్కేళ్లకి భర్తని పోగొట్టుకుంది, నేను ఇరవై ఒక్కేళ్లకి ప్లేస్‌మెంట్ తెచ్చుకున్నాను. ఆమె కాలంలో స్టూడియోలు మూతపడ్డాయి, బాంబులు పడ్డాయి. నా మీద ఒక కామెంట్ పడింది. రెండూ ఒకటి కాదు. కానీ ఆమె గురించిన ఆ ఒక్క వాక్యం చదవకపోతే నా వాక్యం నాకు వినపడేది కాదు.

ఆదివారం ఫోన్

ఆ ఆదివారం నాన్నకి ఫోన్ చేశాను. షాపులో ఉన్నారు. వెనకాల మిషన్ శబ్దం.

"నాన్నా, ఒక మాట చెప్పాలి. ఆ సినిమా అగ్రిమెంట్ అప్పుడు... మీరు వద్దన్నారని అందరికీ చెప్పాను."

"తెలుసమ్మా."

"తెలుసా?"

"ఎప్పుడో తెలుసు. మీ పిన్ని వచ్చి అడిగింది కదా, ఏం బావగారూ పిల్లని ఆపేశారట అని."

"మరి మీరేమన్నారు?"

"అవునన్నాను."

నాకు నోట మాట రాలేదు. "ఎందుకలా అన్నారు నాన్నా?"

"నువ్వలా చెప్పుకుంటే నీకు తేలిగ్గా ఉందేమో అనుకున్నాను. నాకు పోయేదేముంది? ... ఆధార్ అయితే రెండు వైపులా తియ్యాలండీ, ఒక్క నిమిషం. ఆఁ, చెప్పమ్మా."

నేను ఏమీ చెప్పలేదు. ఆరేళ్లు ఆయన నా వాక్యంలో విలన్‌గా నిలబడ్డారు, ఒక్కసారి కూడా చెయ్యి ఎత్తి "నేను కాదు" అనలేదు. నేను పద్దెనిమిది టేకులు తిన్నదాన్ని. ఆయనకి ఒక్క టేక్‌లో వచ్చేసింది.

కాసేపాగి ఆయనే అన్నారు. "ఆ పదకొండు నిమిషాలది అప్పుడప్పుడు చూస్తుంటానమ్మా. అన్నం తినేది బాగుంటుంది."

ఆ రాత్రి ఆరేళ్ల తర్వాత నేనూ దాన్ని చూశాను. మొదటి సగంలో చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు నాకు. ఒక చోట కెమెరా వైపు చూసేశాను కూడా. కానీ నాన్న చెప్పింది నిజమే. అన్నం తినేది బాగుంది. కామెంట్లు చదవకుండా మూసేశాను.

పోయిన నెల మా కజిన్ పెళ్లిలో పిన్ని మళ్లీ దొరికింది. పక్కన ఇద్దరు కొత్త చుట్టాలు. నన్ను చూపించి మొదలుపెట్టింది. "ఇది ఎంత బాగా యాక్ట్ చేసేదో తెలుసా? వాళ్ల నాన్న ఒప్పుకుని ఉంటేనా..."

"నాన్న వద్దనలేదు పిన్నీ. నేనే మానేశాను."

పిన్ని కళ్లు పెద్దవి చేసింది. "అదేంటే! ఎందుకు?"

చెప్పడానికి చాలా ఉంది. నోవా పిల్‌బీమ్ ఉంది, తొమ్మిది రోజుల రాణి ఉంది, ఆరిపోని నక్షత్రం ఉంది. పెళ్లి మండపంలో అవన్నీ ఎవరికి కావాలి?

"చేసినన్నాళ్లు బాగా చేశాను. ఇక చాలనిపించింది" అన్నాను.

పిన్ని నన్ను ఒకసారి పైకీ కిందకీ చూసింది. కొత్త చుట్టాలు కూడా చూశారు. ఈసారి ఎవరూ "అయ్యో" అనలేదు.

"సరేలే, టిఫిన్ చేశావా?" అంది పిన్ని.